వన్నెల కట్ట అమ్మకానికి లేదండీ! (పాఠకుల ప్రశ్నలు, నా జవాబులు)

నా సీరియల్ చదవనివాళ్లకి ముందు నాలుగు ముక్కలు చెప్పాలి, లేకపోతే కింది ప్రశ్నలు అర్థం కావు. కొండల అవతల ఎక్కడో ఒక ఊహాదేశం ఉంది, అక్కడ రంగులతో మంత్రం వేస్తారు. ఆ విద్యంతా వన్నెల కట్ట అనే పాత తాటాకు గ్రంథంలో ఉంటుంది, ఎనిమిది రంగులకి ఎనిమిది కట్టలు. నియమం ఒక్కటే. రంగు కొత్తగా పుట్టదు, చేతులు మారుతుందంతే. తెల్లగుర్రాన్ని ఎర్రగా మార్చాలంటే ఎక్కడో ఒక మందారం తెల్లబోవాలి. ఈ గ్రంథం పోయిపోయి అద్దకం పని చేసుకునే ఇంటి పిల్లకి దొరుకుతుంది, అక్కణ్ణుంచి కథ.

ఈ నెల ఉత్తరాల్లో చాలామటుకు మన సరిహద్దు వాళ్లవే. పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ, జయపురం, బరంపురం. నేనూ పర్లాకిమిడి మనిషినే కాబట్టి పక్షపాతం చూపించాను, ఒప్పుకుంటున్నా.

మేడమ్, వన్నెల కట్ట నిజంగా ఎక్కడుంది? మా ఊరి కొండ గుహలో ఉందని మా బావ అంటున్నాడు. దొరికితే ఎంత పలుకుతుంది?
ఒక పాఠకుడు, గుణుపురం

లేదు బాబూ. ఓ వానాకాలం మధ్యాహ్నం కరెంటు పోతే నేనే కల్పించాను. మీ బావని గుహలు తవ్వొద్దని చెప్పండి, ఎలుగుబంటి ఉంటే రంగు మారేది ఆయనకే. ఇదే ప్రశ్న ఇంకో నలుగురు అడిగారు, ఒకాయన గుప్తనిధి సంగతి కూడా కలిపారు. నిజమైన తాటాకు గ్రంథాలు చూడాలనుంటే భువనేశ్వర్‌లో ఒడిశా స్టేట్ మ్యూజియంకి వెళ్లండి, దేశంలోనే పెద్ద తాళపత్ర సేకరణల్లో అదొకటి. పురాణాలు, కావ్యాలు, జ్యోతిషం, వైద్యం ఉంటాయి. గుర్రాన్ని ఎర్రగా చేసేది మాత్రం ఉండదు.

మా తాతగారింట్లో తాటాకు పుస్తకం ఉంది. అందులో నలుపు తప్ప ఇంకో రంగు లేదు. మీరేమో ఆకు తిప్పితే నీలం పొంగింది, ఎరుపు కారింది అని రాస్తున్నారు. అసలు తాటాకు మీద రంగు నిలుస్తుందా?
డిగ్రీ విద్యార్థిని, పర్లాకిమిడి

సరిగ్గా దొరికిపోయాను తల్లీ. ఐదో భాగం రాసేటప్పుడు నాకే అనుమానం వచ్చింది, అయినా నీలం పొంగితే బాగుంటుంది కదా అని వదిలేశాను.

మన వైపు తాటాకు మీద సిరాతో రాయరు, గీస్తారు. గంటం మొనతో ఆకు పైపొరని సన్నగా చీల్చుకుంటూ పోతారు. అప్పుడు చూస్తే గోరుతో గీరినట్టుంటుంది తప్ప ఒక్క అక్షరం కూడా సరిగ్గా కనపడదు. తర్వాత దీపం మసి నూనెలో కలిపి ఆకంతా పామి గుడ్డతో తుడిచేస్తే పైనున్న మసి పోతుంది, గీతలోకి దిగింది మిగులుతుంది. మీ తాతగారి పుస్తకంలో నలుపు అదే. నారవెంట సూటిగా గీతలు గీస్తే ఆకు చీలిపోతుందనీ, అందుకే మన తెలుగక్షరాలూ ఒడియా అక్షరాలూ ఇలా గుండ్రంగా చుట్టుకున్నాయనీ పెద్దలు అంటారు.

రంగులు బాగా కావాలనుకున్నవాళ్లు ఆకు వదిలేసి గుడ్డ పట్టుకున్నారు. పూరీ దగ్గర రఘురాజ్‌పూర్ పటచిత్రాలు చూసే ఉంటావు. పాత గుడ్డకి చింతగింజల జిగురూ సుద్దా పట్టించి, ఆరబెట్టి, రాయితో నునుపుగా రుద్ది ఆ మీద వేస్తారు. శంఖం నూరితే తెలుపు, దీపం మసి నలుపు, ఇంగిలీకం ఎరుపు, హరిదళం పసుపు, జేగురు రాయి గోధుమ ఎరుపు. వీటన్నిటినీ పట్టి ఉంచేది వెలగచెట్టు బంక. తాటాకు బొమ్మల్లో కూడా కొందరు గీతల మధ్య పలచగా రంగు నింపుతారు గానీ పెత్తనం గీతదే.

నీ ప్రశ్న చదివాక ఓ ఆలోచన తట్టింది, నీ అనుమతి లేకుండానే కథలోకి లాగేసుకుంటున్నా. వన్నెల కట్టలో రంగులు ఉండవు. ఖాళీ గీతలే ఉంటాయి. మసి రుద్దితే ఒక మంత్రం పైకి వస్తుంది, అదే ఆకుని తుడిచి ఇంగిలీకం రుద్దితే ఇంకో మంత్రం. ఎందుకంటే లోతు గీతల్లో మసి దిగుతుంది, సన్న గీతల్లో ఇంగిలీకం మాత్రమే దిగుతుంది (ఇది నా అబద్ధం, నిజంగా ఇలా జరగదు). ఎనిమిది రంగులూ రుద్ది చూసినవాడు ఇంతవరకూ లేడు. నీలం పొంగిన ఐదో భాగాన్ని పుస్తకంగా వేసేటప్పుడు దిద్దుతాను.

ఒక్క మాట. ఆ పుస్తకాన్ని ఎవరికీ ఇవ్వొద్దు, లామినేషన్ అసలు చేయించొద్దు. మా ఇంట్లో పదమూడు ఆకుల చిన్న కట్ట ఉండేది. పాడైపోతోందని మా చిన్నాన్న ఓ జిరాక్సు షాపుకి పట్టుకెళ్తే ఆ కుర్రాడు మహా శ్రద్ధగా మొత్తం పదమూడూ వేడి లామినేషన్ చేసి పెట్టాడు. లోపల ఆకులు ముడుచుకుపోయి అప్పడాల్లా ఉన్నాయి. పైగా షీటుకి ఇరవై రూపాయలు తీసుకున్నాడు. ఇప్పటికీ చిన్నాన్న దగ్గర ఆ మాట ఎత్తం.

ఎరుపుతో అగ్ని వస్తుంది, నీలంతో నీళ్లు వస్తాయి, ఇవన్నీ గేముల్లో చూసినవే. మీ రంగులకి శక్తి ఎక్కణ్ణుంచి వచ్చింది? లాజిక్ ఏమిటి?
ఇంజినీరింగ్ చదివి ఇంట్లో ఉన్న పాఠకుడు, రాయగడ

ఎరుపు అంటే అగ్ని అని నేను ఒక్కచోట కూడా రాయలేదు, కావాలంటే మళ్లీ చదువుకో తమ్ముడూ. నా లాజిక్ మా నాయనమ్మ దగ్గర్నుంచి వచ్చింది.

చిన్నప్పుడు జ్వరం తగ్గగానే పళ్లెంలో నీళ్లు పోసి పసుపు కలిపేది, ఆ పచ్చటి నీళ్లలో చిటికెడు సున్నం వేసేది. మా కళ్ల ముందే ఎర్రగా అయిపోయేవి. దిష్టి తీసి వీధిలో పారబోసి, "చూశావా, ఎంత దిష్టో" అనేది. ఆ నీళ్లు దిష్టిని లాగేసుకుని ఎర్రబడ్డాయని పదేళ్లొచ్చేదాకా నమ్మాను. తొమ్మిదో తరగతిలో తెలిసింది, పసుపులోని కర్‌క్యుమిన్ క్షారం తగిలితే ఎర్రబడుతుందని, సున్నం క్షారమని. తెల్లచొక్కా మీద పప్పు మరక పడి సబ్బు పెడితే ఎర్రగా అయ్యేదీ అందుకే. తమాషా ఏంటంటే ఆ ఎర్రనీళ్లలో నిమ్మకాయ పిండితే మళ్లీ పసుపుకి తిరిగొస్తాయి. నాయనమ్మకి ఇది చూపించాను. ఓ క్షణం చూసి "అయితే దిష్టి వెనక్కొచ్చేసిందేటి?" అంది. ఆవిడ దగ్గర గెలవడం కష్టం.

మన ఇళ్లలో ఇలాంటివి ఎన్నో చూడు. పసుపు కొమ్ములకి నిమ్మరసం, వెలిగారం పట్టిస్తే కుంకుమ. ఆకుపచ్చటి గోరింటాకు రాత్రంతా చేతిలో ఉంటే ఎరుపు. పచ్చటి తమలపాకు, తెల్లటి సున్నం, వక్క, కాచు, ఇందులో ఒక్కటీ అంత ఎర్రటిది కాదు, నమిలితే నోరు పండుతుంది. ఇంక నీలిమందు సంగతి చూస్తే నాకు ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది. ఆకు పచ్చగా ఉంటుంది, నానబెట్టి పులియబెట్టిన నీళ్లు పసుపూ ఆకుపచ్చా కలిసినట్టుంటాయి, తొట్టిలో ముంచిన గుడ్డ పైకి తీసినప్పుడు కూడా అదే రంగు, గాలి తగిలిన కొద్దిసేపటికి కళ్ల ముందే నీలమైపోతుంది. నీలం తొట్టిలో లేదు మరి, గాలిలో ఉందా? ఆక్సిజన్ అని నువ్వంటావు, నీకు తెలుసు. ఆ పేరు పుట్టకముందు వందల ఏళ్లు ఈ పని చేసినవాళ్లు ఏమనుకుని ఉంటారో అదే నా కథ.

కాబట్టి నా దేశంలో రంగు అంటే శక్తి కాదు, ఒక వస్తువు ఇంకో వస్తువుని తాకినప్పుడు జరిగే పని. మంత్రం వేసేవాడికి నాలుక మీద శ్లోకం కంటే చేతిలో సున్నం ముఖ్యం.

రంగు అప్పు అనే మాట వాడుతున్నారు. మంత్రానికి అప్పేమిటండీ, పాలకొట్టు పద్దులా?
కిరాణా వ్యాపారి, జయపురం

అచ్చం పద్దేనండీ. తొమ్మిదో భాగంలో బయటపడుతుంది, మీరు ముందే పట్టేశారు. వన్నెల కట్ట మంత్రగ్రంథం అని దేశమంతా అనుకుంటుంది గానీ అది మొదట రాసినవాళ్లు రాసుకున్నది ఒక పద్దు. ఎవరి దగ్గర ఏ రంగు తీసుకున్నాం, ఎప్పుడు తిరిగివ్వాలి అన్నది. తర్వాతి తరాలు తీసుకున్న సగమే చదివి ఇవ్వాల్సిన సగం మర్చిపోయాయి.

ఇది గాలిలోంచి తీసింది కాదు. బెంగాల్లో నీలిమందు తోటల దొరలు రైతులకి ముందుగా దాదని అని డబ్బిచ్చి వరి వేసుకునే నేలలో నీలి వేయించేవారు. ఆ అడ్వాన్సు ఎప్పటికీ తీరేది కాదు, తండ్రి అప్పు కొడుకు మీద పడేది. 1859లో రైతులు ఇక వేయమని తిరగబడ్డారు. బీహార్‌లో చంపారన్‌లో అయితే 20 కట్టాల (కట్టా అంటే అక్కడి భూమి కొలత) భూమిలో 3 కట్టాలు నీలి వేసి తీరాలని రూలు, 1917లో గాంధీగారు అక్కడికి వెళ్లింది ఆ గొడవకే. అంటే ఎక్కడో ఓ దొరసాని గౌను నీలంగా ఉండాలంటే ఇక్కడ ఓ రైతు మొహం నల్లబడింది. నా మందారం తెల్లబోవడం ఇంతకంటే పెద్ద వింతా?

మీ జయపురం దగ్గర కోట్‌పాడ్ ఉంది కదా, అక్కడి మిర్గాన్ నేతగాళ్లు ఆల్ చెట్టు వేరుతో నూలు అద్దుతారు, మన పాతవాళ్లు తొగరు అనేవారు దాన్ని. ఆముదం, పేడ, కట్టెల బూడిద పట్టించి, ఉతికి, ఎండబెట్టి, మళ్లీ పట్టించి, వారాల తరబడి చాకిరీ చేస్తే ఆ ముదురెరుపు పట్టుకుంటుంది. 2005లో ఒడిశా నుంచి మొదటగా జీఐ (ఫలానా ఊరి సరుకు అనే భౌగోళిక) గుర్తింపు వచ్చింది ఆ నేతకే. నా కథలో పిల్ల ఇంటి పెరడు రాసేటప్పుడు ఆ వాసన గుర్తు చేసుకునే రాశాను. మంత్రాల స్కూలు బదులు అద్దకం పెరడు ఎందుకు పెట్టారని కూడా ఒకరు అడిగారు, వాళ్లకీ ఇదే జవాబు.

ఇంద్రధనుస్సులో ఏడు రంగులు కదా, మీరు ఎనిమిది ఎందుకు పెట్టారు? లెక్క తప్పిందా?
హైస్కూలు టీచర్, బరంపురం

ఏడు అన్నది న్యూటన్ గారి ముచ్చట మాస్టారూ. 1704లో వచ్చిన ఆప్టిక్స్‌లో ఆయన సంగీతంలోని స్వరాలకి సరిపోయేలా ఏడుగా విడగొట్టారు. నిజానికి ఇంద్రధనుస్సులో ఒక రంగు ఎక్కడ ఆగి ఇంకోటి ఎక్కడ మొదలైందో గీత గీసి చూపించలేం.

నా ఎనిమిది గంజప ముక్కల్లోంచి వచ్చింది. బరంపురం మనిషికి గంజప గురించి నేను చెప్పాలా అనుకోండి, కొత్త పిల్లల కోసం చెబుతాను. గుండ్రటి పేకముక్కలు. గుడ్డ మీద గుడ్డ చింతగింజల జిగురుతో అంటించి, గుండ్రంగా కోసి, చేత్తో రంగులు వేసినవి. మనం ఇస్పేటు, ఆఠీను అన్నట్టు వాళ్లకి ఉన్నవి రంగులే, ఒక్కో జట్టుకీ ఒక్కో రంగు నేపథ్యం. ఎనిమిది జట్లుంటే ఆఠరంగి, పదుంటే దశరంగి. ఒక్కో రంగులో 12 ముక్కలు, రాజు, మంత్రి, ఒకటి నుంచి పది దాకా. అంటే ఆఠరంగిలో 96, దశరంగిలో 120. అరుగు మీద ముసలివాళ్లు ఆడుతుంటే పక్కన కూర్చుని చూసేదాన్ని. ముక్క చేతిలో పెట్టుకుని "ఏ రంగు?" అని అడగడమే నాకు మంత్రంలా ఉండేది.

గంజీఫా ఆటల్లో (మన గంజపదీ ఆ కుటుంబమే) నాకు బాగా నచ్చిన రూలు ఇంకోటుంది. సగం రంగుల్లో పది పెద్దది, మిగతా సగం రంగుల్లో ఒకటే పెద్దది. దశావతారాల ఆటలో పగలు రాముడి రంగుతో మొదలుపెడతారు, చీకటి పడ్డాక కృష్ణుడి రంగుతో. ఇది చదివాక ఇంకేం కల్పించాలి చెప్పండి? వన్నెల కట్టలో నాలుగు రంగులు ఎంత ఎక్కువ పూస్తే అంత బలం, మిగతా నాలుగూ ఎంత తక్కువైతే అంత బలం. నలుపు ఆ రెండో జట్టులోది. అందుకే పిల్లకి దిష్టిచుక్క చిన్నదే పెడతాం, మొహమంతా పూయం.

ఎనిమిదికి ఇంకో ఆధారం నాట్యశాస్త్రం ఆరో అధ్యాయం. రసానికో రంగు, రంగుకో దేవత. శృంగారం శ్యామం, హాస్యం తెలుపు, కరుణ పావురం బూడిదరంగు, రౌద్రం ఎరుపు, వీరం గౌరం, భయానకం నలుపు, బీభత్సం నీలం, అద్భుతం పసుపు. కరుణకి పావురం రంగు పెట్టినవాడెవరో గానీ వాడికి దండం పెట్టాలి. దేవతలు ఇంకా బాగుంటారు. కరుణకి యముడు, అద్భుతానికి బ్రహ్మ. ఇదంతా మన ఇంట్లోనే ఉంటే ఎక్కడో ఐస్‌లాండ్ మంచుకొండల మాంత్రికుల్ని అరువు తెచ్చుకుంటున్నాం. గంజపలో ఎనిమిదికీ, నాట్యశాస్త్రంలో ఎనిమిదికీ ముడి ఉందని నేను అనడం లేదు. నేను ముడేశాను, కథ కాబట్టి.

ఇంకో విషయం, బరంపురం ఠాకురాణి జాతరలో పులివేషం వేసేవాళ్లు ఒళ్లంతా పసుపూ నలుపూ చారలు పూయించుకుంటారు కదా. ఆ రంగు ఆరేదాకా మాట్లాడకుండా నిలబడ్డ మనిషిని దగ్గర్నుంచి చూశాను ఓసారి. ఆరాక అతను కదిలిన తీరు వేరు. వన్నెల కట్ట మొదటి ఆకు అదే.

ఏడో భాగంలో సేనాపతి పసుపు ఆకు తడిపి వేలు నాలుకకి తగిలించుకుని అక్కడికక్కడే చస్తాడు. ఇది సాధ్యమా?
నర్సు, కోరాపుట్

అక్కడికక్కడే అన్నది నా తొందర. హరిదళం అంటే ఆర్సెనిక్ గంధకంతో కలిసిన ఖనిజం, ఇంగిలీకం పాదరసం గంధకంతో కలిసింది. రెండూ విషాలే, కానీ హరిదళం నీళ్లలో సరిగ్గా కరగదు కాబట్టి ఓ వేలి తడికి మనిషి దబ్బున పడిపోడు. రోజూ అదే ఆకు తిప్పుతూ, అదే వేలు నోట్లో పెట్టుకుంటూ ఉంటే మెల్లగా చెడతాడు. సేనాపతి అంత చదివేరకం కాదు కదా, అందుకని తొందరపడ్డాను. ఇప్పుడు ఆలోచిస్తే చావాల్సింది సేనాపతి కాదు, లేఖకుడు.

విషపు పుస్తకాలు నిజంగానే ఉన్నాయండీ. డెన్మార్క్‌లో ఒక యూనివర్సిటీ లైబ్రరీలో 16, 17 శతాబ్దాల పుస్తకాలు మూడింటి అట్టల మీద ఆర్సెనిక్ ఉన్న ఆకుపచ్చ రంగు పూసి ఉందని 2018లో బయటపెట్టారు. 1775లో స్వీడన్ రసాయనవేత్త షీలే చేసిన ఆకుపచ్చ అయితే గోడ కాగితాల మీదా ఎక్కింది, అదీ ఆర్సెనిక్కే.

రంగుల్లో రంగులకి పడదు కూడా. హరిదళం పక్కన సీసం తెలుపు గానీ రాగి పచ్చ గానీ పెడితే కాలక్రమంలో నల్లబడతాయి. ఇలా పడని కట్టలు ఒకే పెట్టెలో పెట్టకూడదని మా వన్నెల కట్ట మీద రాసి ఉండేది ఊరికే కాదు. అత్తాకోడళ్ల సామెత ఒకటి గుర్తొస్తోంది గానీ మా అత్తగారు ఈ పత్రిక చదువుతారు.

లేఖకుడు ఒక్క అక్షరం తప్పు రాస్తే ఊరు కాలిపోయిందని రాశారు. మరీ అతిశయోక్తి కాదూ?
ఒక పాఠకురాలు, గుణుపురం

మన ఊళ్లలో పుట్టి ఈ మాట మీరు అనకూడదు. ఒడియాలో నాలి అంటే ఎరుపు. తెలుగులో నీలి అంటే నీలం. మధ్యలో ఉన్నది ఒక్క గుడి దీర్ఘం. తాటాకు మీద చెమట చేత్తో గీసే లేఖకుడికి, అందులోనూ అమ్మ తెలుగు, నాన్న ఒడియా అయినవాడికి, ఆ గుడి దీర్ఘం ఎటు పడిందో చూసుకునే ఓపిక ఉంటుందా? నీళ్లు రావాలని నీలి మంత్రం రాసుకుంటే నాలి అయింది, ఊరు ఎర్రబడింది. నాకిది అతిశయోక్తిలా లేదు, మా ఇంట్లో పెళ్లికి నాలి చీర తెమ్మంటే నీలి చీర వచ్చిన సందర్భం ఉంది, ఆ గొడవ ఊరు కాలినదానికంటే తక్కువేం కాదు.

ఇంకా పచ్చ. ఆకుపచ్చా పచ్చే, పసుపుపచ్చా పచ్చే. పచ్చగా బతకమని దీవిస్తాం, పచ్చకామెర్లు అనీ అంటాం. అదే మాట ఒడియా చెవికి పచా అని వినపడితే కుళ్లిపోయింది అని అర్థం. మా వీధిలో కూరలమ్మే ఆమె "పచ్చి వంకాయలు" అని అరిస్తే కొత్తగా వచ్చిన ఒడియా పిన్ని కుళ్లిన వంకాయలు ఎందుకు అమ్ముతోందని అడిగింది. కళ అంటే మనకి శిల్పం, చిత్రం. ఒడియాలో కళా అంటే ఆ అర్థమూ ఉంది, నలుపు అన్న అర్థమూ ఉంది. మొహం కళగా ఉందంటే ఎలా తీసుకోవాలో మీరే తేల్చుకోండి. వన్నెల కట్ట రాసింది రెండు భాషల మధ్య పెరిగినవాళ్లు. వేరేవాళ్లయితే ఇన్ని తప్పులు ఉండేవి కావు, ఇంత మంత్రమూ ఉండేది కాదు.

మీ కథలో కొండమనుషులు గోడ మీద తెల్లబొమ్మలు వేసి మాయ చేస్తారు. అవి మా బొమ్మలు. మాయ కాదు. కొండవాళ్లంటే ఎప్పుడూ మంత్రగాళ్లేనా?
సవర యువకుడు, గుణుపురం దగ్గర పల్లె

ఈ ఉత్తరాన్ని మూడుసార్లు చదివాను. మీరు అన్నది నిజం. నేను చేసింది సోమరితనం.

చదివేవాళ్లకి చెప్పాలి కాబట్టి చెబుతున్నాను. సవరల ఇంటి లోపలి ఎర్రమట్టి గోడ మీద బియ్యప్పిండితో తెల్లగా వేసే బొమ్మని ఇడితాల్ అంటారు. అది అలంకారం కాదు. ఇంట్లో జబ్బు చేసినప్పుడో, చనిపోయినవాళ్ల కోసమో, పంట కోసమో వేస్తారు, సొనుం అనే ఆత్మకి కట్టే ఇల్లు అది. వేసిన తర్వాత ఆ సొనుంకి నచ్చిందా లేదా అని పూజారి ద్వారా అడుగుతారు, ఏదైనా తక్కువైందంటే దిద్దుతారు. 1940ల్లో, 50ల్లో మానవశాస్త్రవేత్త వెరియర్ ఎల్విన్ ఇక్కడ తిరిగి ఇవన్నీ రాసిపెట్టాడు. ఆయన కంటే ముందే మన పర్లాకిమిడిలో బడిపంతులుగా ఉన్న గిడుగు రామమూర్తిగారు సవర భాష నేర్చుకుని, వాళ్ల కోసం పుస్తకాలు రాసి, 1930ల్లో సవర వ్యాకరణం, నిఘంటువు అచ్చేయించారు. తెలుగులో వాడుకభాష కోసం కొట్లాడిన మనిషిగానే ఆయన మనకి తెలుసు.

అదే దశాబ్దంలో, 1936లో, మాంగేయి గొమాంగో సవర భాషకి సొరాంగ్ సొంపెంగ్ అనే లిపి ఇచ్చాడు. ఆ అక్షరాలు ఆయనకి దర్శనంలో కనిపించాయని నమ్ముతారు, వాటిని అక్షర బ్రహ్మగా పూజిస్తారు. ఒక లిపి మొత్తం దేవుడు కావడం, అదీ మనకి బస్సు దూరంలో, మన తాతల కాలంలో. ఇంత దగ్గర్లో ఇది పెట్టుకుని నేను కొండమనుషుల చేత పొగలూ మెరుపులూ చేయించాను.

ఆరో భాగంలో ఆ ఘట్టం పుస్తకంలో ఉండదు. ఆ చోట ఇంకో మంత్రమూ పెట్టను. మీరు ఒప్పుకుంటే ఒకసారి మీ ఊరు వచ్చి కూర్చుంటాను, కథ కోసం కాదు.

మా అబ్బాయికి పదకొండేళ్లు. మీ సీరియల్ చదివి తనూ రంగుల మంత్రం పుస్తకం చేస్తానని ఇల్లంతా పీకి పందిరేస్తున్నాడు. ఏం ఇవ్వాలి?
ఒక అమ్మ, పర్లాకిమిడి

పాత క్యాలెండర్ల వెనక తెల్లకాగితం ఇవ్వండి, చల్లారిన టీ డికాక్షన్‌లో ముంచి ఆరబెట్టండి, వందేళ్ల కాగితంలా అవుతుంది. పసుపు నీళ్లు, బీట్‌రూట్ రసం, గోరింటాకు ముద్ద, దీపం మసి, జేగురు దొరికితే జేగురు. తుమ్మబంక కలిపితే కాగితానికి పట్టుకుంటాయి. పసుపు నీళ్లతో బొమ్మ వేయించి, ఆరాక దూదితో సబ్బునీళ్లు అద్దమనండి, ఎక్కడ అద్దితే అక్కడ ఎర్రబడుతుంది. సున్నం మాత్రం మీరే పట్టుకోండి, కళ్లలో పడితే ప్రమాదం. ఇంగిలీకం, హరిదళం జోలికి అసలు పోవద్దు, పూజ సామాన్ల షాపులో దొరికినా సరే. పసుపు బొమ్మలు ఎండలో పెడితే వెలిసిపోతాయని ముందే చెప్పండి, లేకపోతే ఏడుస్తాడు. చెప్పినా ఏడుస్తాడేమో, మా అమ్మాయి ఏడ్చింది.

ఆ మందారానికి రంగు తిరిగొస్తుందా రాదా? అది ఒక్కటి చెప్పండి చాలు.
పేరు రాయని పాఠకురాలు, ఊరూ రాయలేదు

మా పక్కింటి ఒడియావాళ్ల పెరట్లో స్థలపద్మం చెట్టుంది, మందారం జాతిదే. దసరా రోజుల్లో పూస్తుంది. పొద్దున్న విచ్చుకున్నప్పుడు తెల్లగా ఉంటుంది, మధ్యాహ్నానికి గులాబీ రంగుకి తిరుగుతుంది, సాయంత్రం దీపం పెట్టేవేళకి ముదురెరుపు. పక్కింటి పిన్ని రోజూ ఆరింటికి నీళ్లు పోస్తూ గోడ మీంచి పిలుస్తుంది, ఇవాళ్టి పువ్వు ఎంత ఎర్రబడిందో చూడమని. వచ్చే నెల భాగం ఆ గోడ దగ్గర మొదలవుతుంది.